పాట కింద నడిచే దారి



ఈ సాయంత్రం మీకు ఒక సంగీతకారుడి గురించి చెప్పాలని వచ్చాను. ముందు ఆయన చిన్ననాటి ఇంటికి వెళ్దాం.

1930ల చివరి రోజులు. పారిస్ శివార్లలో ఒక ఇల్లు. తండ్రి పేరున్న ఆర్కెస్ట్రా నడిపేవాడు. భార్యనూ ఇద్దరు పిల్లల్నీ విడిచి వెళ్ళిపోయాడు. ఇంట్లో ఒక పాత పియానో మాత్రం మిగిలింది. ఇల్లు గడవాలంటే తల్లి పనికి వెళ్ళక తప్పదు. పిల్లాడికి తోటిపిల్లలతో పొసగదు. రోజంతా ఇంట్లో వాడికి తోడు రెండే: ఒకటి ఆ పియానో, రెండోది రేడియో.

రేడియోలో ఒక పాట వస్తుంది. పాట అయిపోగానే పిల్లాడు పియానో దగ్గరికి పరుగెత్తి, విన్న వరసను వేళ్ళతో వెతుక్కుంటాడు. కుడిచేతికి బాణీ త్వరగానే చిక్కుతుంది. కానీ రేడియోలో విన్నప్పుడు ఉన్న నిండుదనం అందులో ఉండదు. పాట కింద ఇంకేదో నడుస్తోంది, అదేమిటి? ఎడమచేత్తో వెతకడం మొదలుపెడతాడు. ఈ మెట్టు కాదు, ఆ మెట్టు కాదు, ఇదిగో ఇది. ఒక్కసారిగా గదంతా నిండిపోతుంది.

ఆ పిల్లాడే మిషెల్ లెగ్రాన్. 1932 ఫిబ్రవరి 24న పుట్టాడు. 2019 జనవరి 26న, 86 ఏళ్ళ వయసులో కన్నుమూశాడు. ఈ రెండు తేదీల మధ్య ఆయన 3 ఆస్కార్ అవార్డులు అందుకున్నాడు. మైల్స్ డేవిస్‌తో జాజ్ రికార్డు చేశాడు. దర్శకుడు గొదార్ సినిమాలకు సంగీతం ఇచ్చాడు. మాటలన్నీ పాటలే అయిన సినిమాకు ప్రాణం పోశాడు. బాలే రాశాడు, కన్చెర్టోలు రాశాడు, రంగస్థలానికి సంగీత నాటకం రాశాడు. ఇన్ని దారుల్లో తిరిగిన మనిషి ఏ దారికి చెందినవాడు అని ఆయన్ని జీవితమంతా అడుగుతూనే ఉన్నారు. నాకు తోచిన జవాబు ఆ పాత పియానో దగ్గరే ఉంది. పాట కింద ఏం నడుస్తోంది అన్న ఆ పిల్లాడి ప్రశ్నను ఆయన చివరిదాకా వదల్లేదు. ఆ ప్రశ్న ఏ ఇంటికి తీసుకెళ్తే ఆ ఇంట్లో కూర్చున్నాడు, అంతే.

ఈ ‘పాట కింద నడిచేది’ ఏమిటో కొంచెం వివరంగా చెప్తాను. మన కచేరీలో వెనక తంబురా మోగుతూ ఉంటుంది. గాయకుడు రాగంలో ఎంత దూరం వెళ్ళినా, ఎంత పైకి ఎక్కినా, కింద ఆ శ్రుతి కదలదు. అది నేల. పాశ్చాత్య సంగీతంలో ఆ నేల కదులుతూ ఉంటుంది. పైన ఒకే స్వరాన్ని పట్టుకుని నిలబడి, కింద నేలను మార్చారనుకోండి, అదే స్వరం ఒకసారి నవ్వినట్టుంటుంది, మరుక్షణం దిగులుపడ్డట్టుంటుంది. దీన్నే హార్మనీ అంటారు. బాణీ ఎవరిదైనా సరే, దాని కింద ఏ నేల పరవాలి, ఏ వాద్యం ఎప్పుడు లోపలికి రావాలి, ఏది ఎప్పుడు ఊరుకోవాలి, వయొలిన్లు పాటను అనుసరించాలా, ఎదురు మాట్లాడాలా అని తేల్చి, ఒక్కొక్క వాద్యకారుడికీ నొటేషన్ రాసి ఇచ్చే మనిషిని అరేంజర్ అంటారు. మన సినీ సంగీతంలోనూ ఆ మాట అదే. క్యాసెట్ మీదా, సీడీ మీదా గాయకుల పేర్లుండేవి, సంగీత దర్శకుడి పేరుండేది. అరేంజర్ పేరు కనబడటం అరుదు. లెగ్రాన్ వృత్తిలోకి అడుగుపెట్టింది ఆ కనబడని గుమ్మంలోంచే.

పదేళ్ళు దాటీ దాటగానే ఆ పిల్లాడు పారిస్ కన్సర్వేటరీలో చేరాడు. అది యుద్ధకాలం. పారిస్ జర్మన్ సైన్యం చేతిలో ఉంది. బయట ఆకలి, భయం. లోపల మాత్రం తనలాగే సంగీతం తప్ప మరో ధ్యాస లేని మనుషులు. అంతవరకూ ఒంటరిగా పెరిగిన పిల్లాడికి అక్కడ తనవాళ్ళు దొరికారు. ఆ రోజుల జ్ఞాపకాలు ఆయన్ని ఎప్పుడూ విడిచిపెట్టలేదు. ఎన్నో ఏళ్ళ తర్వాత, 1989లో, ఆయన దర్శకత్వం వహించిన కథాచిత్రం ‘సేంక్ జూర్ ఆన్ జువాన్’, అంటే ‘జూన్ నెలలో 5 రోజులు’. అందులో 1944 జూన్ నాటి ఫ్రాన్స్, ఒక కుర్ర సంగీతకారుడు ఉంటారు. తన కథనే ఆయన అలా చెప్పుకున్నాడు.

కన్సర్వేటరీలో ఆయనకు దొరికిన గురువు నాదియా బూలాంజే. 20వ శతాబ్దపు సంగీత గురువుల్లో ఆవిడంతటివాళ్ళు అరుదు. అమెరికా నుంచి ఆరన్ కోప్లండ్, క్విన్సీ జోన్స్, అర్జెంటీనా నుంచి ఆస్తోర్ పియత్సొలా ఆవిడ దగ్గర చదువుకున్నవాళ్ళే. క్విన్సీ జోన్స్ జాజ్‌లోకి, పాప్ సంగీతంలోకి వెళ్ళాడు. పియత్సొలా టాంగోను కొత్తగా మలిచాడు. ఒకే గురువు దగ్గర నేర్చుకున్నవాళ్ళు ఇలా తలొక దిక్కుకీ వెళ్ళి, వెళ్ళిన ప్రతిచోటా పేరు తెచ్చుకున్నారంటే ఆవిడ నేర్పింది ఏదో ఒక బాణీ సంగీతాన్ని కాదని తెలుస్తుంది. పెద్ద ఆర్కెస్ట్రా కోసం రాసిన నొటేషన్‌ను ముందు పెట్టుకుని, ఇరవై ముప్పై వాద్యాల వరసల్ని ఒకేసారి కళ్ళతో చదువుతూ, పది వేళ్ళతో పియానో మీద వినిపించాలి. ఆవిడ క్లాసులో సాధన అలా ఉండేది. అలా సంవత్సరాల తరబడి కూర్చున్న మనిషికి ఏ సంగీతం విన్నా లోపలి కట్టడం కనబడుతుంది. ఏ దూలం ఏ గోడ మీద ఆనిందో తెలుస్తుంది.

లెగ్రాన్ అక్కడ హార్మనీలో, కౌంటర్‌పాయింట్, ఫ్యూగ్ అనే శాస్త్రీయ రచనా పద్ధతుల్లో బహుమతులు తెచ్చుకున్నాడు. ఇక శాస్త్రీయ సంగీతకారుడుగా స్థిరపడతాడనే అందరూ అనుకున్నారు. ఆ సమయంలోనే, 1940ల చివర్లో, డిజ్జీ గిలెస్పీ అనే అమెరికన్ నల్లజాతి ట్రంపెట్ విద్వాంసుడు తన బ్యాండ్‌తో పారిస్ వచ్చి ప్లేయెల్ హాల్లో వాయించాడు. టీనేజీ కుర్రాడు లెగ్రాన్ అది విన్నాడు. రాసిపెట్టుకోకుండా, అప్పటికప్పుడు, అంత వేగంగా, అంత లోతుగా సంగీతం పుట్టించడం ఆయన అంతకుముందు చూడలేదు. ఆ రాత్రి తర్వాత ఆయనకు ఒకే ఇల్లు చాలలేదు.

చదువు ముగిశాక బతుకుతెరువు కోసం పాటల లోకానికి వచ్చాడు. గాయకులకు పియానో సహకారం అందించాడు, వాళ్ళ పాటలకు ఆర్కెస్ట్రా రాశాడు. ఫ్రాన్స్‌లో ఇంటింటా తెలిసిన మొరీస్ షెవాలియేకు సంగీత నిర్వాహకుడుగా పనిచేశాడు. ఇంతలో అమెరికా కొలంబియా కంపెనీ నుంచి ఒక పని వచ్చింది. పారిస్ మీద వచ్చిన ప్రసిద్ధ పాటల్ని గొంతు లేకుండా ఆర్కెస్ట్రాతో రికార్డు చేసి ఇవ్వాలి. 1954లో వచ్చిన ఆ రికార్డు పేరు ‘ఐ లవ్ పారిస్’. అప్పటికి ఆయన వయసు 22 ఏళ్ళు. అమెరికాలో అది విపరీతంగా అమ్ముడుపోయింది. అందులోని బాణీలేవీ ఆయనవి కావు. అందరూ వెయ్యిసార్లు విన్నవే. వాటి కింద ఆయన పరిచిన నేల మాత్రం కొత్తది. ఎడమచేతి పనితో ఒక మనిషి అలా సముద్రం దాటి పేరు తెచ్చుకున్నాడు.

1956లో మరో చిత్రం జరిగింది. అమెరికాలో అప్పటికే రాకెన్‌రోల్ మొదలైంది. రచయిత బోరిస్ వియాన్, గాయకుడు ఆంరీ సాల్వదోర్, లెగ్రాన్ ముగ్గురూ కలిసి, దొంగపేర్లు పెట్టుకుని, ఆ కొత్త సంగీతాన్ని ఆటపట్టిస్తూ నాలుగు పాటలు రికార్డు చేశారు. సరదాకి చేసిన ఆ పాటలే ఫ్రెంచి భాషలో తొలి రాకెన్‌రోల్ పాటల్లో చేరి చరిత్రలో నిలిచిపోయాయి. ఫ్యూగ్‌లో బహుమతి పొందిన చెయ్యే అదీ రాసింది.

ఇప్పుడు నేను చాలా ఇష్టంగా చెప్పుకునే ఘట్టం. 1958 జూన్. లెగ్రాన్‌కి 26 ఏళ్ళు. పెళ్ళి చేసుకుని న్యూయార్క్ వెళ్ళాడు. కొలంబియా వాళ్ళు, వాళ్ళకు లాభాలు తెచ్చిన కుర్రాడు కదా, నీకు నచ్చిన రికార్డు చేసుకోమన్నారు. ఆయన జాజ్ కావాలన్నాడు. ఎవరెవరు వాయించారో వినండి. ట్రంపెట్ మైల్స్ డేవిస్, టెనర్ శాక్సఫోన్ జాన్ కోల్ట్రేన్, పియానో బిల్ ఎవాన్స్, బాస్ పాల్ చేంబర్స్. మరో రోజు బెన్ వెబ్‌స్టర్. ఇంకో రోజు ఆర్ట్ ఫార్మర్, డొనాల్డ్ బర్డ్. సంగీతం తెలిసినవాళ్ళు ఈ పేర్లు వింటే లేచి నిలబడతారు. మైల్స్, కోల్ట్రేన్, ఎవాన్స్, చేంబర్స్ కలిసి ‘కైండ్ ఆఫ్ బ్లూ’ రికార్డు చేసింది ఆ మరుసటి ఏడాదే.

మైల్స్ వచ్చిన రోజు గురించి లెగ్రాన్ చెప్పుకునే ఒక జ్ఞాపకం ఉంది. మైల్స్ వస్తాడు గానీ తలుపు దగ్గరే నిలబడి వింటాడు, నచ్చితే లోపలికి వస్తాడు, నచ్చకపోతే అట్నుంచి అటే వెళ్ళిపోతాడు అని వాళ్ళూ వీళ్ళూ ముందే చెప్పి భయపెట్టారట. రిహార్సల్ మొదలైంది. మైల్స్ ఆలస్యంగా వచ్చి తలుపు దగ్గర నిలబడ్డాడు. విన్నాడు. కాసేపటికి లోపలికొచ్చి కూర్చుని ట్రంపెట్ బయటికి తీశాడు. మొదటి టేక్ అయ్యాక, తను వాయించింది సరిగ్గా ఉందా అని ఆ 26 ఏళ్ళ ఫ్రెంచి కుర్రాణ్ణే అడిగాడట.

మైల్స్‌ను తలుపు దగ్గర్నుంచి లోపలికి రప్పించిందేమిటి? ఆ రికార్డు వింటే తెలుస్తుంది. ఒక బృందంలో ట్రంపెట్ పక్కన హార్ప్ పెట్టాడు, ఫ్లూట్ పెట్టాడు. జాజ్‌లో హార్ప్ వినబడటం ఆ రోజుల్లో వింతే. మరో బృందంలో నాలుగు ట్రోంబోన్లు. ఇంకో బృందంలో నాలుగు ట్రంపెట్లు. 11 పాత జాజ్ బాణీల్ని తీసుకుని ఒక్కోదానికీ ఒక్కో ఇల్లు కట్టాడు. ఆ ఇంట్లో విద్వాంసుడు తన ఇష్టం వచ్చినట్టు తిరగడానికి చోటు విడిచిపెట్టాడు. ఆ 11 బాణీల్లో ‘ఎ నైట్ ఇన్ టునీషియా’ ఒకటి. డిజ్జీ గిలెస్పీ కట్టిన బాణీ అది. ప్లేయెల్ హాల్లో కూర్చున్న కుర్రాడు గురుదక్షిణ చెల్లించుకున్నట్టనిపిస్తుంది నాకు.

అక్కణ్ణుంచి సినిమాకి. 1960 ప్రాంతంలో ఫ్రాన్స్‌లో కొత్త దర్శకులు కెమెరా భుజాన వేసుకుని వీధుల్లోకి వచ్చారు. నూవెల్ వాగ్, అంటే కొత్త కెరటం. గొదార్ తీసిన ‘యూన్ ఫామ్ ఎ యూన్ ఫామ్’కీ, ‘వీవ్ర్ సా వీ’కీ, ‘బాండ్ ఆ పార్’కీ లెగ్రాన్ సంగీతం ఇచ్చాడు. ఆన్యెస్ వార్దా తీసిన ‘క్లెయో’లో సంగీతం ఇవ్వడమే కాకుండా పియానిస్టు వేషం కూడా వేశాడు. కుర్రదనం, అల్లరి, ఆ వేళ్ళ వేగం చూడాలంటే ఆ సన్నివేశం చూడండి. ఆ ఆన్యెస్ వార్దా భర్తే దర్శకుడు జాక్ దెమీ. 1961లో ‘లోలా’తో మొదలైన దెమీ, లెగ్రాన్‌ల స్నేహం సినిమా చరిత్రలో ఒక అపురూపమైన జంటను ఇచ్చింది.

‘షెర్బూర్ గొడుగులు’. ఫ్రెంచిలో ‘లే పారాప్లూయీ ద షెర్బూర్’. 1964లో వచ్చింది. షెర్బూర్ సముద్రం ఒడ్డున ఒక చిన్న రేవు పట్టణం. అక్కడ గొడుగులమ్మే తల్లి, 17 ఏళ్ళ కూతురు జెన్‌వియేవ్. ఆ అమ్మాయి గారేజీలో పనిచేసే గీ అనే అబ్బాయిని ప్రేమిస్తుంది. అబ్బాయికి అల్జీరియా యుద్ధానికి పిలుపు వస్తుంది. అమ్మాయి గర్భవతి. ఉత్తరాలు పలచబడతాయి. తల్లి అప్పుల్లో ఉంది. ఒక మంచి నగల వ్యాపారి, అన్నీ తెలిసే, ఆ అమ్మాయిని చేసుకుంటానంటాడు. ఆమె ఒప్పుకుంటుంది. కథ ఇంతే. ఎవరూ చెడ్డవాళ్ళు కారు. అందరూ మంచివాళ్ళే, ఒక ప్రేమ మాత్రం పోయింది.

ఈ కథలో ప్రతి మాటా పాటే. మన పద్యనాటకంలో మాటల మధ్య భావం పొంగినప్పుడు పద్యం వస్తుంది. ఇక్కడ ఆ తేడా కూడా లేదు. కారు బాగయిందా అని అడగడం, గొడుగు వెల చెప్పడం, ఉత్తరం వచ్చిందా అని ఆరా తీయడం, అన్నీ పాడతారు. పైగా ఆ పాడటం ఒపెరా లాగా గొంతెత్తి పాడటం కాదు. మనం మాట్లాడుకునే పలుకుబడి, మన నిత్యపు తొందర, మన తడబాటు అన్నీ స్వరాల్లోకి వచ్చాయి. ఇలాంటి సినిమాకి డబ్బు పెట్టేవాళ్ళు దొరక్క ఇద్దరూ చాలా తిరిగారు. చివరికి మాగ్ బొదార్ అనే మహిళా నిర్మాత ముందుకొచ్చింది. షూటింగ్ మొదలవకముందే మొత్తం సినిమా సంగీతాన్ని గాయకులతో రికార్డు చేశారు. నటులు ఆ రికార్డుకు తగ్గట్టు నటించారు. జెన్‌వియేవ్‌గా తెరమీద కాథరిన్ దెనూవ్, గొంతు దానియెల్ లికారీది. తల్లి పాత్రకు పాడింది లెగ్రాన్ అక్క క్రిస్తియాన్. ఆ పాత పియానో ఉన్న ఇంట్లోనే పెరిగిన అక్క ఆమె.

ఆ సినిమాలో ఒక ముఖ్యమైన బాణీ ఉంది. అబ్బాయి యుద్ధానికి వెళ్ళే రోజు, రైల్వే స్టేషన్లో, రైలు కదులుతుండగా అది వస్తుంది. సినిమా చివర మళ్ళీ వస్తుంది. ఏళ్ళు గడిచాయి. 1963 డిసెంబర్. పెట్రోల్ బంకు. మంచు కురుస్తోంది. ఒకప్పటి ప్రేమికులిద్దరూ అనుకోకుండా ఎదురుపడతారు. ఇద్దరికీ పెళ్ళిళ్ళయ్యాయి, పిల్లలున్నారు. రెండు నిమిషాలు మామూలు మాటలు. పెట్రోల్ మామూలుదా, మంచి రకమా అన్నంత మామూలు మాటలు. వాళ్ళు నోరు విప్పి చెప్పుకోలేనిదంతా కింద నడిచే ఆ బాణీ చెప్తుంది. నేను ఆ సన్నివేశం ఎన్నిసార్లు చూశానో లెక్కలేదు. ఫ్రెంచి ఒక్క ముక్క రాని రోజుల్లో కూడా చూశాను. అప్పుడూ నాకు అన్నీ అర్థమయ్యాయి.

ఆ ఏడాది కాన్ చలనచిత్రోత్సవంలో ఆ సినిమాకే అత్యున్నత బహుమతి వచ్చింది. ఆ బాణీకి నార్మన్ గింబెల్ ఇంగ్లీషు మాటలు కట్టాడు. ‘ఐ విల్ వెయిట్ ఫర్ యూ’ అన్న పేరుతో అది ప్రపంచమంతా తిరిగింది. దానికి ఆస్కార్ నామినేషన్ కూడా వచ్చింది.

1967లో అదే జంట ‘రోష్‌ఫోర్ అమ్మాయిలు’ తీసింది. షెర్బూర్ వానలో తడిసిన కథ అయితే, ఇది ఎండలో ఆరేసిన రంగుల బట్టలాంటి కథ. కాథరిన్ దెనూవ్, ఆమె సొంత అక్క ఫ్రాన్స్వాజ్ దోర్లెయాక్ కవల పిల్లలుగా నటించారు. హాలీవుడ్ నుంచి జీన్ కెల్లీ వచ్చి నాట్యం చేశాడు. ఆ వేసవిలోనే ఫ్రాన్స్వాజ్ కారు ప్రమాదంలో చనిపోయింది. అందుకే ఆ సినిమా ఎంత నవ్విస్తున్నా గుండెలో ఎక్కడో కలుక్కుమంటుంది. అందులో ఒక నావికుడు, తను ఎన్నడూ చూడని అమ్మాయిని తలుచుకుంటూ పాడే పాట ఉంది. ఆ బాణీ ఇంగ్లీషులో ‘యూ మస్ట్ బిలీవ్ ఇన్ స్ప్రింగ్’ అయింది. 1977లో బిల్ ఎవాన్స్ దాన్ని పియానో మీద వాయించి రికార్డు చేశాడు. 1958లో లెగ్రాన్ దగ్గర కూర్చుని వాయించిన ఎవాన్సే ఈయన. జాజ్ నుంచి సినిమాకు వెళ్ళిన మనిషి కట్టిన బాణీ, సినిమా నుంచి మళ్ళీ జాజ్ ఇంటికే వచ్చింది. ఎవాన్స్ 1980లో చనిపోయాడు. ఆ రికార్డు ఆ తర్వాతే విడుదలైంది. ఆ వాయింపులో ప్రతి స్వరం వెనక్కి తిరిగి చూస్తున్నట్టుంటుంది.

ఇంతలో హాలీవుడ్ పిలిచింది. 1968లో నార్మన్ జూయిసన్ ‘ది థామస్ క్రౌన్ అఫైర్’ తీస్తున్నాడు. స్టీవ్ మెక్‌క్వీన్, ఫే డనవే నటులు. మామూలుగా సినిమా ఎడిటింగ్ అంతా అయ్యాక రీరికార్డింగ్ చేస్తారు. సంగీతం బొమ్మ వెంట నడుస్తుంది. ఇక్కడ లెగ్రాన్ తారుమారు చేద్దామన్నాడు. గంటల కొద్దీ ఉన్న కత్తిరించని ఫిల్మ్ చూసి, మీరు కొన్ని వారాలు సెలవు తీసుకోండి, నాకు గుర్తున్నదాన్ని బట్టి సంగీతం రాస్తాను, దానికి తగ్గట్టు మీరు కత్తిరించుకోండి, కుదరకపోతే ఇంకో సంగీతం ఊరికే రాసిస్తాను అన్నాడట. జూయిసన్ ఒప్పుకున్నాడు. ఆరు వారాల్లో గంటకు పైగా సంగీతం తయారైంది. ఎడిటర్ హాల్ ఆష్బీ దాని మీద బొమ్మను అమర్చాడు. ఒక్కసారికి బొమ్మే సంగీతం వెంట నడిచింది.

ఆ సినిమాలో మెక్‌క్వీన్ గ్లైడర్‌లో ఆకాశంలో చక్కర్లు కొడుతుండగా ఒక పాట వస్తుంది. ‘ది విండ్‌మిల్స్ ఆఫ్ యువర్ మైండ్’. మాటలు అలన్, మారిలిన్ బర్గ్‌మన్ దంపతులవి. ఆ పాటలో మళ్ళీ మళ్ళీ వచ్చే పల్లవి అంటూ లేదు. ఒక చిన్న స్వరగుచ్ఛం, అదే ఆకారంతో, మెట్టు మెట్టుగా దిగుతూ తిరుగుతుంది. కింద నేల అయిదో స్వరం దూరానికి ఒక్కొక్క అడుగు వేస్తూ గుండ్రంగా నడిచి బయల్దేరిన చోటికే వస్తుంది. 18వ శతాబ్దపు యూరప్ సంగీతంలో బాగా వాడుకలో ఉన్న నడక అది. బూలాంజే క్లాసులో నేర్చుకున్నది. దాన్ని తెచ్చి హాలీవుడ్ సినిమా పాటకు వేశాడు. వినేవాళ్ళకు ఆ పాఠం పేరు తెలియక్కర్లేదు. తల తిరుగుతున్నట్టుంటుంది, ఆలోచన ఆగనట్టుంటుంది. ఆ పాటకు ఆస్కార్ వచ్చింది.

తర్వాత 1971లో ‘సమ్మర్ ఆఫ్ 42’కు రెండో ఆస్కార్. ఆ సినిమాలో సంగీతం వినబడేది నిజానికి కొద్దిసేపే. ఎక్కడ ఊరుకోవాలో తెలిసినవాడు కాబట్టి ఆ కొద్దిసేపే సినిమా అంతటినీ తడిపింది. 1983లో బార్బ్రా స్ట్రైసాండ్ స్వయంగా దర్శకత్వం వహించి నటించిన ‘యెంటల్’కు బర్గ్‌మన్ దంపతులతో కలిసి మూడో ఆస్కార్. స్ట్రైసాండ్‌తో ఆయన పరిచయం అంతకుముందే, 1966లో ఆమె ఫ్రెంచి పాటల రికార్డుకు ఆర్కెస్ట్రా రాసినప్పటిది. జాజ్ గాయని సారా వాన్‌కి రాశాడు. స్తెఫాన్ గ్రాపెల్లీ వయొలిన్‌కి రాశాడు. ఒపెరా గాయని జెస్సీ నార్మన్ ఆయన పాటల్నే ఒక రికార్డుగా పాడింది. ఎవరి గొంతు ఎక్కడ నిండుగా ఉంటుందో, ఎక్కడ పలచబడుతుందో కనిపెట్టి, పలచబడే చోట కింద నుంచి చెయ్యి అందించడం అరేంజర్ ధర్మం. ఇంతమంది గొప్ప గాయకులు ఆయన దగ్గరికి మళ్ళీ మళ్ళీ వచ్చారంటే ఆ చెయ్యి వాళ్ళకు తెలిసింది కనకనే.

అన్నీ గెలుపులే అని నేను చెప్పను. ప్రాణస్నేహితుడు దెమీ 1982లో ‘యూన్ షాంబ్ర్ ఆన్ వీల్’ తీస్తానంటే, ఆ కథ తనకు నచ్చలేదని లెగ్రాన్ కాదన్నాడు. దెమీ మరో సంగీత దర్శకుడు మిషెల్ కొలొంబియేతో తీశాడు. స్నేహంలో పగులు వచ్చింది. మళ్ళీ కలిశారు, మరో రెండు సినిమాలు చేశారు. దెమీ 1990లో పోయాడు. ఆ తర్వాత దాదాపు ముప్పై ఏళ్ళు లెగ్రాన్ ఎక్కడ కచేరీ చేసినా షెర్బూర్ బాణీ వాయించమని జనం అడిగేవారు. ఆయన వాయించేవాడు. అదే బాణీని ఒకసారి టాంగోగా, ఒకసారి వాల్ట్జ్‌గా, ఒకసారి జాజ్ పరుగుగా మార్చి మార్చి వాయించి సభను నవ్వించి, చివరికి ఉన్నదున్నట్టు వాయించేవాడు. పైన బాణీ అదే, కింద నేల మారేది. స్నేహితుణ్ణి తలుచుకోవడానికి ఆయనకు అంతకంటే మంచి మార్గం తెలియదు.

వయసు పెరిగినా చెయ్యి ఆగలేదు. 1991లో వచ్చిన ‘డింగో’ సినిమాకు మైల్స్ డేవిస్‌తో మళ్ళీ కలిసి పనిచేశాడు. మైల్స్ ఆ ఏడాదే చనిపోయాడు. 1997లో ‘ల పాస్ మురాయ్’ అనే సంగీత నాటకం పారిస్ రంగస్థలం మీదికి వచ్చింది. గోడల్లోంచి నడిచి వెళ్ళగలిగే ఒక చిన్న గుమాస్తా కథ అది. మార్సెల్ ఎమే రాసిన కథ. ఆ నాటకం 2002లో న్యూయార్క్ బ్రాడ్‌వేకీ వెళ్ళింది. గోడల్ని లెక్కచేయని మనిషి కథ ఆయన చేతికే రావడం నాకు ముచ్చటగా ఉంటుంది. 2011లో నృత్యదర్శకుడు జాన్ నాయ్‌మయర్ కోసం ‘లిలియోమ్’ అనే బాలే రాశాడు. 80 దాటాక పియానోకు ఒకటి, చెల్లోకు ఒకటి కన్చెర్టోలు రాసి రికార్డు చేశాడు. ఆర్సన్ వెల్స్ 1970లలో తీస్తూ పూర్తిచేయలేకపోయిన సినిమా ‘ది అదర్ సైడ్ ఆఫ్ ది విండ్’ను 2018లో పూర్తిచేసి విడుదల చేసినప్పుడు దానికి సంగీతం ఇచ్చిందీ ఆయనే. 2019 జనవరిలో కన్నుమూసేనాటికి ఏప్రిల్‌లో పారిస్‌లో ఆయన కచేరీలు ఖాయమై ఉన్నాయి.

సంగీతం నేర్చుకునే పిల్లలు, వాళ్ళ తల్లిదండ్రులు ఈ ప్రసంగం వింటూ ఉంటే వాళ్ళకు ఒక మాట. శాస్త్రీయం నేర్చుకుంటే సినిమా పాట పాడకూడదేమో, సినిమా పాట పాడితే గొంతు పాడవుతుందేమో అన్న బెంగ మన ఇళ్ళలో ఇప్పటికీ ఉంది. లెగ్రాన్ జీవితం నాకు ఆ బెంగ తీర్చింది. ఆయన అన్ని ఇళ్ళకీ వెళ్ళగలిగింది పునాది పలచగా ఉండి కాదు. ఏళ్ళ తరబడి ఒక కఠినమైన గురువు ముందు కూర్చుని, పెద్ద పెద్ద నొటేషన్లు చదివి, తప్పు చేసి, దిద్దుకుని తెచ్చుకున్న పునాది అది. గట్టిగా నేర్చుకున్నవాడికి జాజ్ పరాయిది కాలేదు, పెట్రోల్ బంకులో రెండు మామూలు మాటలూ సంగీతానికి తక్కువవి కాలేదు.

సెలవు తీసుకునే ముందు మీకు ఒక చిన్న పని చెప్తాను. ఈ రాత్రి మీకు బాగా ఇష్టమైన పాట ఒకటి పెట్టుకోండి. ఏ భాషదైనా సరే, ఏ కాలానిదైనా సరే. మొదటిసారి ఎప్పటిలాగే గొంతును వినండి. రెండోసారి గొంతును కాసేపు పక్కన పెట్టి, దాని కింద ఏం నడుస్తోందో వినండి. బాస్ ఎక్కడ అడుగు మార్చింది, వయొలిన్లు ఎప్పుడు లోపలికి వచ్చాయి, ఫ్లూట్ ఏ మాట దగ్గర ఊరుకుంది. ఇన్నేళ్ళుగా మీతో ఉన్న పాటలో మీరు ఎన్నడూ వినని మనిషి ఒకడు కనబడతాడు. ఆ పాత పియానో ముందు కూర్చుని, రేడియో విని, ఎడమచేత్తో వెతికిన పిల్లాడు వెతికింది ఆ మనిషినే.